కట్టకముందే నడిపించేవాళ్లు

రిఫైనరీ కట్టకముందే మనల్ని అందులో నడిపించగలవాళ్లు పైపింగ్ డిజైనర్లు. ఒకప్పుడు ప్లాస్టిక్ నమూనాలు పేర్చి చూపేవారు. ఇప్పుడు త్రీడీ మోడల్‌ను వీఆర్ హెడ్‌సెట్‌లో చూపిస్తున్నారు. డిజైన్ 30, 60, 90 శాతం పూర్తయ్యే దశల్లో సమీక్ష జరుగుతుంది. పైపు ఉక్కు దూలానికి తగులుతోందా అన్నది సాఫ్ట్‌వేరే పట్టేస్తుంది. కానీ వాల్వు చక్రం చేతికి అందుతుందా, హీట్ ఎక్స్‌ఛేంజర్ గొట్టాల కట్టను శుభ్రం చేయడానికి బయటికి లాగే జాగా ఉందా, ప్రమాదమొస్తే మెట్లదారి దగ్గరుందా అన్నవి మనిషి నడిచి చూస్తేనే బాగా తెలుస్తాయి. అందుకే మంచి డిజైనర్ హెడ్‌సెట్‌ను ప్లాంటు ఆపరేటర్‌కిస్తాడు. ఆయన వంగిన చోటల్లా, ఆగిన చోటల్లా డిజైనర్ రాసుకుంటాడు. తెరమీద పైపు జరపడం తేలిక. వెల్డింగయ్యాక కోసి అతకాలంటే డబ్బూ, రోజులూ దండగ. రేపటి కార్మికుడి నడుంనొప్పిని ఇవాళే తప్పించే ఈ పనితనానికి జేజేలు.