నవల చదివే నిర్మాత

సినిమా నిర్మాత అనగానే మనలో చాలామందికి కళ్ళముందు మెదిలేది నోట్ల కట్టల సంచీ, తెల్ల చొక్కా, కారు. ఆ మనిషి కూర్చుని ఒక నవలను మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా చదువుతాడంటే నమ్మబుద్ధి కాదు. అలా చదివిన నిర్మాత మన కృష్ణాజిల్లాలోనే పుట్టాడు. గుడివాడ దగ్గర పెయ్యేరు ఆయన ఊరు. పేరు దుక్కిపాటి మధుసూదనరావు. 1917లో పుట్టి 2006లో కన్నుమూశారు.

ఆయన జీవితం నాటకాలతో మొదలైంది. గుడివాడ ఎక్సెల్షియర్ నాటక సమాజంలో అక్కినేని నాగేశ్వరరావుగారి చేత ఆడవేషాలు వేయించింది ఆయనే. ఆ కుర్రవాణ్ణి ఘంటసాల బలరామయ్యగారు బెజవాడ రైల్వే స్టేషన్లో చూడటం, సినిమాకి తీసుకెళ్ళటం మీ అందరికీ తెలిసిన కథే. 1951లో ఇద్దరూ కలిసి మొదలుపెట్టిన సంస్థ అన్నపూర్ణా పిక్చర్స్. ఆ అన్నపూర్ణ ఎవరనుకున్నారు? నాగేశ్వరరావుగారి భార్య పేరనుకుంటారు చాలామంది. హైదరాబాదులోని స్టూడియోకి ఉన్నది ఆవిడ పేరు. పిక్చర్స్‌కి పెట్టింది మాత్రం మధుసూదనరావుగారిని పెంచిన సవతితల్లి పేరు. సవతితల్లి అంటే రాచి రంపాన పెట్టేదని కథలు అల్లే సినిమా లోకంలో, ఒక సవతితల్లి పేరు బోర్డు మీద అన్నేళ్ళు నిలిచిందంటే ముచ్చటగా లేదూ!

ఆయన ఓపిక కూడా చెప్పుకోదగ్గదే. మొదటి సినిమా కె.వి. రెడ్డిగారే తీయాలని పట్టుబట్టి, ఆయనకి తీరిక దొరికేదాకా ఆగారు. సంస్థ పెట్టిన నాలుగేళ్ళకి, 1955లో గానీ ‘దొంగరాముడు’ రాలేదు. చేతిలో డబ్బు, ఇంట్లో హీరో ఉండి నాలుగేళ్ళు ఆగటం ఎంతమంది వల్ల అవుతుంది?

తరవాత ఆయన చూపు ఇళ్ళలోకి, వంటింటి గడపల్లోకి తిరిగింది. శరత్‌బాబు ‘నిష్కృతి’ ఆయన చేతిలో ‘తోడికోడళ్ళు’ (1957) అయింది. ఉమ్మడి కుటుంబంలో పెద్ద కోడలు, నడిమి కోడలు, చిన్న కోడలు ఎవరి మనసు ఎక్కడ విరుగుతుందో ఆ సినిమా చూసిన ఆడవాళ్ళకి ఒకరు చెప్పక్కర్లేదు. సూర్యకాంతం నోరు తెరిస్తే పక్క సీటులో తోడికోడలి వంక ఓరగా చూసినవాళ్ళు ఎందరో!

ఆ పైన ఆయన చేసిన పని ఇంకా పెద్దది. తెలుగు ఆడవాళ్ళు రాసిన నవలల్ని వెతికి తెరమీదికి తెచ్చారు. కోడూరి కౌసల్యాదేవిగారి ‘చక్రభ్రమణం’ 1964లో ‘డాక్టర్ చక్రవర్తి’ అయి, నంది బహుమతుల మొదటి ఏడే బంగారు నంది గెలుచుకుంది. యద్దనపూడి సులోచనారాణిగారి ‘విజేత’ 1972లో ‘విచిత్రబంధం’ అయింది. ఆ దారి పడ్డాక మిగిలిన వాళ్ళకి నడక సులువైంది. ‘ప్రేమనగర్’ (1971), ‘మీనా’ (1973), ‘సెక్రటరీ’ (1976) అన్నీ ఆడవాళ్ళ నవలలే. వారపత్రిక కోసం పోస్టుమాన్ దారి కాచిన గృహిణి అభిరుచికి సినిమా ఆఫీసులో విలువ కట్టిన మొదటి వాళ్ళలో ఆయన ఒకరు.

ఇంతవరకూ పొగడ్త. ఇక అసలు ప్రశ్నకి వస్తాను. నవలలోని ఆడపిల్ల తెరమీదికి వచ్చేసరికి ఆ పిల్లే మిగిలిందా?

డాక్టర్ పి. శ్రీదేవిగారి ‘కాలాతీత వ్యక్తులు’ గుర్తు చేసుకోండి. ‘తెలుగు స్వతంత్ర’లో వచ్చిన నవల. అందులో ఇందిర ఉంది. ఉద్యోగం చేసి తండ్రిని పోషిస్తుంది. మంచిపిల్ల అనిపించుకోవాలనే తాపత్రయం లేదు. నమ్ముకున్న ప్రకాశం పిరికివాడని తేలితే, కొంగు నోట్లో కుక్కుకుని ఏడుస్తూ కూర్చోదు. కృష్ణమూర్తిని పెళ్ళి చేసుకుని ముందుకి నడుస్తుంది. మనకి ఆమె నచ్చకపోవచ్చు, కానీ మరిచిపోలేం. ఆ నవల ఆధారంగా 1963లో వచ్చిన సినిమా ‘చదువుకున్న అమ్మాయిలు’. చక్కని పాటలు, సావిత్రి, కృష్ణకుమారి, నవ్వులు, అపార్థాలు, ఆఖరికి పెళ్ళిళ్ళు. హాయిగా ఉంటుంది. అయితే ఇందిర పొగరు, ఆకలి, నిర్లక్ష్యం ఆ హాయిలో కరిగిపోయాయి. రచయిత్రి అప్పటికే లేరు. 1961లో, చిన్న వయసులోనే పోయారు. ఆ పిల్ల తరఫున అడిగేవారు లేకపోయారు.

దీనికి నిర్మాతనొక్కణ్ణే తప్పుపట్టగలమా? నవల కొనేది ఒక ఇల్లు. సినిమా టిక్కెట్టు కొనేది అత్తగారు, కోడలు, పెద్దబావగారు, చంటిపిల్లాడితో సహా. పంపిణీదారు ముందుగా డబ్బు పెట్టేది ఈ గుంపునంతా చూసుకునే. పైగా కథానాయకుడు నాగేశ్వరరావుగారైతే కథ బరువు అటు మొగ్గక తప్పదు. ఒక ఇందిర కోసం ఇంతమందిని దూరం చేసుకోవటం వ్యాపారం కాదు.

మరి మన సంగతో? ‘విచిత్రబంధం’ చూడండి. తనకి ఘోరమైన అన్యాయం చేసిన మగవాడితోనే చివరికి కథానాయిక బతుకు ముడిపడుతుంది. ఆ ముడి సినిమావాళ్ళు వేసింది కాదు, నవలలోనే ఉంది. ఒక స్త్రీ రాస్తే, వేలమంది స్త్రీలు వారం వారం ఎదురుచూసి చదివారు. మగవాడు మారతాడు, ఆడది ఓర్చుకుంటే చాలు అన్న నమ్మకం మనకి తీపిగా ఉండేది. దుక్కిపాటిగారు మన అలమారాలోంచే పుస్తకం తీశారు. చేదుగా ఉన్న ఇందిరకి పంచదార కలిపారు, ముందే తియ్యగా ఉన్నదాన్ని అలాగే వడ్డించారు. రెండుసార్లూ మనం తృప్తిగానే తిన్నాం.

అయినా ఒక మాట ఒప్పుకోవాలి. నవల చదవని నిర్మాత ఇందిరని పాడు చేసే ప్రసక్తే రాదు, ఆమె ఉన్నట్టే అతనికి తెలియదు. మధుసూదనరావుగారు చదివారు, రచయిత్రుల దగ్గరికి వెళ్ళారు, కథకి విలువిచ్చారు. 1993లో ఆయనకి రఘుపతి వెంకయ్య పురస్కారం ఇచ్చినప్పుడు అందులో కొంత భాగం మన రచయిత్రులకీ చెందిందనే నా లెక్క.

ఇప్పుడు పాత సినిమాలు ఫోనులోనే దొరుకుతున్నాయి. ‘కాలాతీత వ్యక్తులు’ పుస్తకాల షాపులో అడిగితే ఇస్తారు. ముందు నవల చదివి, ఆ తరవాతే సినిమా చూడండి. ఇంట్లో పెళ్ళీడు ఆడపిల్ల ఉంటే ఆమెని కూడా పక్కన కూర్చోబెట్టుకోండి. ఇందిర ఎక్కడ తప్పిపోయిందో ఆ పిల్ల మీకంటే ముందే పట్టుకుంటుంది.