ఆకు తిప్పి చూస్తే

టమాటకు పురుగు పడిందంటే మన జనగామ, మానుకోట దిక్కున కాళ్లు ముందు మందుల దుకాణం వైపే నడుస్తాయి. "అన్నా, టమాటకు పురుగొచ్చింది, మంచి మందియ్యి" అంటే సీసాలొస్తాయి. ఏ పురుగని అడిగేవాళ్లు తక్కువ. నాకైతే తోటలో అడుగుపెడితే ఆకు వెనక్కి తిప్పందే చెయ్యి ఊరుకోదు.

ఆకు మీద పాము మెలికల్లా తెల్లటి గీతలుంటే ఆకు తొలిచే ఈగ పని. కింది ఆకులకే పట్టిందా, తుంచి పారేస్తే సరి. గీతలు గాక వెడల్పాటి పొరలు ఎండి, కాయ తొడిమ దగ్గర గుండుసూది గుచ్చినట్టు బెజ్జాలుంటే అది ట్యూటా. దక్షిణ అమెరికాది, 2014లో మహారాష్ట్రలో బయటపడి మన దాకా వచ్చింది. కాయకు గుండ్రటి పెద్ద రంధ్రం చేసి, తల లోపల పెట్టి ఒళ్లు బయటుంచేది శనగపచ్చ పురుగు. పత్తికాయనూ, కందినీ తినేది అదే. పత్తి చేల పక్కన టమాట వేసేవాళ్లు ఈ చుట్టరికం మరవొద్దు.

ఆకులు పైకి ముడుచుకుని మొక్క గిడసబారిందంటే తెల్లదోమ వైరస్ తెచ్చేసిందన్న మాటే. ఆ మొక్కను బాగుచేసే మందు ఎక్కడా లేదు. పీకి పూడ్చడమే. మన డబ్బు ఎక్కువగా ఇక్కడే నీళ్లపాలవుతుంది. కాపాడుకోవాల్సింది నారుమడిలో, సన్నటి నైలాన్ వల కింద.

తెలియని పురుగు మీద మందు కొడితే ఏమవుతుందో 2021-22లో మానుకోట, భూపాలపల్లి మిర్చి రైతులు చూశారు. వాళ్ల తోటల్లో పడ్డ నల్ల తామర పురుగు మిర్చికి కొత్తది. పిచికారీ మీద పిచికారీ చేసినా పూత రాలుతూనే ఉంది.

బెంగళూరులోని భారతీయ ఉద్యాన పరిశోధన సంస్థ చెప్పిన బంతి ఉపాయం నాకు ఇష్టం. 16 వరుసల టమాటకు ఒక వరుస బంతి. 45 రోజుల బంతి నారు, 25 రోజుల టమాట నారు ఒకేసారి నాటాలి. అప్పుడే రెండూ కలిసి పూతకొస్తాయి, శనగపచ్చ రెక్కల పురుగు బంతి మీద వాలి గుడ్లు పెడుతుంది. పూలు బతుకమ్మకు పోతాయి, లాభమే. కానీ ఆ వరుసలో గుడ్లూ పురుగులూ ఏరకపోతే మనమే పురుగును పెంచి టమాట మీదికి తోలినట్టు.

లింగాల ఘనపురం మండలం ఏనబావి 2006 నాటికే ఊరికి ఊరు పురుగుమందులు మానేసింది. ఆ ఊరి కథలో అందరూ వేప కషాయాన్నే మెచ్చుకుంటారు. మంచిదే. అయిదు కిలోల గింజల పొడి రాత్రి నానబెట్టి వడకట్టి, వంద లీటర్ల నీళ్లలో కలిపి సాయంత్రం పూట కొట్టాలి. పురుగు చిన్నగా, ఆకు మీదున్నప్పుడే అది పనిచేసేది. కాయలో దూరిన పురుగును అదేమీ చేయలేదు. ఆ కాయలు కోసి గుంట తీసి పూడ్చాలి, గట్టు మీద కుప్ప పోయొద్దు.