తీపి పండుకే వదిలేద్దాం

గడ్డపెరుగును పల్చటి గుడ్డలో మూటగట్టి, నీరంతా దిగాక గిన్నెలోకి తీసి, పైన గోరువెచ్చటి పండ్ల సాస్ పోస్తే మంచి తీపి వంటకం సిద్ధం. మూట వేలాడే సమయం పక్కన పెడితే మన చేతికి పట్టే పని చాలా తక్కువ. ఇంత సులువైనదాన్ని కూడా బరువెక్కించడం మనకు చేతనవును. వంటల వీడియోల్లో పెరుగులోకి పంచదార పొడి, కండెన్స్‌డ్ మిల్క్, క్రీమ్, వెనీలా ఎసెన్స్ వరసగా వచ్చి పడుతుంటాయి. అది చాలదన్నట్టు పైన తియ్యటి సాస్. తినేవాడికి తీపి ఒక్కటే తెలుస్తుంది. అందులో పెరుగేదో పండేదో వెతుక్కోవాలి. నా వాదన చిన్నది. పెరుగులో తీపి కలపకూడదు. వంటకానికి కావలసిన తీపంతా పండులోనే ఉండాలి, ఆ పండు పొయ్యి ఎక్కి దిగాలి. ఇది నా నాలుక ఇష్టం మాత్రమే అయితే ఇంత రాయనక్కర్లేదు. పాల స్వభావం, పండు స్వభావం, నాలుక స్వభావం మూడూ ఇదే మాట చెబుతున్నాయి.

ముందు పెరుగు సంగతి. తోడు వేసిన పాలు పులిసి, పీహెచ్ 4.6 దగ్గరికి వచ్చేసరికి పాలలోని కేసీన్ అనే ప్రోటీన్ కణాలు ఒకదాన్నొకటి పట్టుకుని వలలా అల్లుకుంటాయి. నీరు, కొవ్వు ఆ వలలో చిక్కుకుని ఉంటాయి. పాలను బాగా కాచి తోడు పెడితే పెరుగు గట్టిగా రావడానికి కారణం కూడా ఇక్కడే ఉంది: మామూలుగా తేటలో ఉండిపోయే ప్రోటీన్లు ఆ వేడికి విప్పారి కేసీన్‌కు అతుక్కుంటాయి, వల చిక్కబడుతుంది. మూడు శాతం కొవ్వున్న టోన్డ్ పాలకన్నా ఆరు శాతం ఉన్న ఫుల్ క్రీమ్ పాలు ఈ పనికి మేలు. ఇలా కుదిరిన పెరుగులో చక్కెర వేసి గిలకొడితే రెండు నష్టాలు. గరిటె వలను తెంపుతుంది, చక్కెర నీటిని లాగుతుంది. కాసేపట్లో గిన్నె అడుగున నీరు తేలుతుంది. దాన్ని దాచడానికి పాలపొడి, కార్న్‌ఫ్లోర్, క్రీమ్ అవసరమవుతాయి; వాటి చప్పదనాన్ని కప్పడానికి మళ్లీ చక్కెర. పెరుగును దాని మానాన వదిలేస్తే ఈ బాధ లేదు. లీటరు పెరుగును మూటగట్టి ఫ్రిజ్‌లో నాలుగైదు గంటలు ఉంచితే సగానికి కాస్త తక్కువగా, వెన్నలాంటి ముద్ద మిగులుతుంది. ఎండాకాలంలో బయట వేలాడదీస్తే నీరు దిగేలోపే పులిసిపోతుంది. కిందకి దిగిన తేటను పారబోయకుండా చపాతీ పిండిలోనో చారులోనో వాడుకోవచ్చు.

ఇక పండుకు మంట ఎందుకు? అనాసపండుతో చూస్తే ఇది బాగా తెలుస్తుంది. సింహాచలం కొండ మీద, సీతంపేట ఏజెన్సీలో పండే అనాస మనకు అందుబాటులో ఉన్నదే. దాన్ని పచ్చిగా తరిగి పెరుగులో కలిపి గంట వదిలేస్తే పెరుగు పలచబడి చేదెక్కుతుంది. పెరుగు చెడిపోయిందనుకుంటాం కానీ తప్పు దానిది కాదు. అనాసలో బ్రోమెలైన్ అనే ఎంజైమ్ ఉంది. అది ప్రోటీన్‌ను ముక్కలు చేస్తుంది. ఆ ముక్కల్లో కొన్ని చేదుగా ఉంటాయి. పచ్చి అనాస ఎక్కువ తింటే నాలుక చురుక్కుమనడంలోనూ దాని పాత్ర ఉంది. బిర్యానీ వండేవాళ్లకు ఇదేమీ కొత్త కాదు. హైదరాబాదీ కచ్చీ బిర్యానీకి మాంసం నానబెట్టేటప్పుడు పచ్చి బొప్పాయి ముద్ద కలిపేది అందులోని పపైన్ మాంసాన్ని మెత్తబరుస్తుందనే. మాంసం మీద మనం కోరుకునే ఆ పని పెరుగు మీద జరిగితే వంటకం పాడవుతుంది. అనాస ముక్కలు మరిగే దాకా వేడెక్కి కొన్ని నిమిషాలు ఉడికితే బ్రోమెలైన్ పని ఆగిపోతుంది. జెలటిన్‌తో చేసే జెల్లీ పచ్చి అనాస వేస్తే గడ్డకట్టదు, డబ్బాలో వచ్చే అనాస వేస్తే కడుతుంది. డబ్బాలోది ముందే వేడిలో ఉడికి వస్తుంది కాబట్టే ఆ తేడా.

ఎంజైమ్ గొడవ లేని పండ్లకూ మంటతో పని ఉంది. పండులో ఎక్కువ భాగం నీరే. పచ్చి గుజ్జు పోస్తే గంటల తరబడి పెరుగులోంచి దింపిన నీటిని మనమే మళ్లీ తెచ్చి పోసినట్టవుతుంది. సన్నటి సెగ మీద ఉడికితే ఆ నీరు తగ్గుతుంది, పండు గోడల్లోని పెక్టిన్ రసంలోకి దిగి చిక్కదనం ఇస్తుంది, పులుపూ తీపీ దగ్గరపడతాయి. నలుగురికి లెక్క చెబుతాను. మూడు వందల గ్రాముల అనాస ముక్కలు, నలభై గ్రాముల బెల్లం, రెండు లవంగాలు, చిటికెడు ఉప్పు. నీళ్లు పోయనక్కర్లేదు, ఉప్పూ బెల్లం తగిలాక పండే నీరు వదులుతుంది. పది పన్నెండు నిమిషాల్లో ముక్క మెత్తబడి, రసం గరిటె వెనక పల్చటి పూతలా నిలుస్తుంది. వేలితో గీత గీస్తే వెంటనే కలిసిపోకపోతే దించేయాలి. ఇంకాస్త చిక్కబడనిద్దాం అనుకుంటే అది జామ్ దారి పడుతుంది. జామ్‌లో కరిగిన ఘనపదార్థం కనీసం 65 శాతం ఉండాలని మన ఆహార నిబంధన. అది నెలల తరబడి సీసాలో నిలవడానికి కావలసిన లెక్క. పూట గడిచేలోపు తినేసే సాస్‌కు అంత తీపితో పని లేదు.

మూడో సాక్షి నాలుక. వస్తువు చల్లగా ఉన్నకొద్దీ దాని తీపి మనకు తక్కువగా తెలుస్తుంది. కరిగిన ఐస్‌క్రీమ్ వెగటుగా తియ్యగా అనిపించడానికి కారణం ఇదే. తీపి కబురును మోసే నాలుక కణాల్లో టీఆర్‌పీఎం5 అనే అయాన్ ద్వారం ఉంటుందని, వెచ్చదనం పెరిగితే అది చురుగ్గా పనిచేస్తుందని బెల్జియంలోని లూవెన్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 2005లో నేచర్ పత్రికలో చూపించారు. వంటింట్లో దీని అర్థం చాలా సూటిగా ఉంది. ఫ్రిజ్‌లోంచి తీసిన పెరుగులో చక్కెర కలిపితే అందులో కొంత నాలుకకు తెలియకుండానే పొట్టలోకి పోతుంది. అదే చక్కెర గోరువెచ్చటి పండులో ఉంటే పూర్తిగా లెక్కకొస్తుంది. పైగా ఒకే తీపి తగులుతూ ఉంటే నాలుక దానికి అలవాటు పడిపోతుంది. చెంచాలో ఒకవైపు చల్లటి పులుపు, ఒకవైపు వెచ్చటి తీపి ఉన్నప్పుడు ప్రతి ముద్దకూ తీపి కొత్తగా తెలుస్తుంది. అందుకే సాస్‌ను పైన పోయాలి, కలపకూడదు.

దీనికి మొదటి అభ్యంతరం శ్రీఖండ్ నుంచి వస్తుంది. మహారాష్ట్ర, గుజరాత్‌లలో తరతరాలుగా వడగట్టిన పెరుగులో చక్కెర కలుపుతున్నారు కదా, అది తప్పా అని అడగొచ్చు. తప్పు కాదు, దాని లెక్క వేరు. నీరు బాగా దిగిన పెరుగు ముద్దలో, అంటే చక్కాలో, చక్కెర పడుతుంది, ఆ చక్కెరే దానికి నిగారింపు ఇస్తుంది, కొన్నాళ్లు నిలవా ఉంచుతుంది. అందుకు చెల్లించే వెల మాత్రం చిన్నది కాదు. శ్రీఖండ్‌లో ఘనపదార్థం కనీసం 58 శాతం ఉండాలి, అందులో చక్కెర 72.5 శాతం దాటకూడదు అని మన ప్రమాణం. ఆ పైహద్దు ప్రకారం చూస్తే వంద గ్రాముల్లో దాదాపు 42 గ్రాముల చక్కెర ఉన్నా చెల్లుతుంది. పైన చెప్పిన వంటకంలో మనిషికి కలిపేది పది గ్రాములు. విడిగా చేర్చే చక్కెరను రోజుకు పాతిక గ్రాముల లోపు ఉంచుకుంటే ఇంకా మంచిదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2015లో సూచించింది. పండక్కి శ్రీఖండ్ తినడంలో ఇబ్బంది లేదు. వారం వారం భోజనం తర్వాత తినేదానికి ఆ కొలత పనికిరాదు.

రెండో అభ్యంతరం పెద్దవాళ్లది: పెరుగుకు వేడి తగలకూడదంటారు. చరకసంహిత సూత్రస్థానంలో పెరుగును రాత్రిపూట తినకూడదనీ, వేడిచేసి తినకూడదనీ ఉన్న మాట నిజమే. నెయ్యి చక్కెర, పెసరకట్టు, తేనె, ఉసిరిక వంటి తోడు లేకుండా తినొద్దనీ అక్కడే ఉంది. ఇక్కడ పెరుగు పొయ్యి ఎక్కడం లేదు. దాని మీద పడే సాస్ నలభై డిగ్రీల దగ్గర ఉంటే చాలు. తోడు వేసేటప్పుడు మన పాలు కూడా దాదాపు అంతే వెచ్చగా ఉంటాయి, పెరుగులోని సూక్ష్మజీవులకు ఆ వేడి హాని చేయదు. పొగలు కక్కుతుండగా పోస్తే మాత్రం ఆ అభ్యంతరం సరైనదే; రుచికీ అది చేటే, పెరుగు విరిగి నీరు కారుతుంది. రాత్రి పెరుగు తినని ఇళ్లలో మధ్యాహ్నమే తినొచ్చు.

ఉడికిస్తే విటమిన్ సి పోదా అన్నది మూడో ప్రశ్న. కొంత పోతుంది. అది కావాలనుకునేవాళ్లకు పచ్చి జామకాయ ఉండనే ఉంది. అన్నిటికన్నా బలమైన అభ్యంతరం మామిడిది. పెరుగన్నంలో బంగినపల్లి ముక్క నంజుకునే జాతికి పండును ఉడికించమని చెప్పడమేమిటి? ఇది న్యాయమైన ప్రశ్న, దీనికి నేను తలొగ్గుతాను. పక్వానికి వచ్చిన మామిడికి పొయ్యితో పని లేదు. సీతాఫలాన్నీ పొయ్యి మీద పెట్టకూడదు, గుజ్జు చేదెక్కుతుంది. ఇవి తమంతట తామే చిక్కగా, తియ్యగా ఉండే పండ్లు. మంట చేయాల్సిన పనిని చెట్టే చేసిపెట్టింది. నా నియమం మిగతావాటి కోసం: పుల్లటి అనాస, చప్పటి ప్లమ్స్, లంబసింగి నుంచి వచ్చే పులుపు స్ట్రాబెర్రీలు, గింజ తీసిన జామ, చివరి కాపులో రుచి తగ్గిన మామిడి. బజారులో మనకు ఎక్కువగా దొరికేవి ఇలాంటివే.

తీపిని పండుకు వదిలేయడంలో ఇంకో లాభం ఉంది, నా దృష్టిలో అన్నిటికన్నా పెద్దది. పెరుగులో చక్కెర కలిపినప్పుడు ఇంట్లో అందరికీ ఒకే తీపిని వండేవాళ్లే నిర్ణయిస్తారు. సాస్ విడిగా ఉన్నప్పుడు ఆ నిర్ణయం తినేవాళ్ల చేతికొస్తుంది. పిల్లాడు రెండు గరిటెలు పోసుకుంటాడు, చక్కెర జబ్బున్న తాతగారు చెంచాతో సరిపెట్టుకుంటారు, పులుపు ఇష్టమైనవాళ్లు పెరుగు ఇంకాస్త వేసుకుంటారు. పండులోనూ చక్కెర ఉంటుంది కాబట్టి తాతగారికి ఇది మందేమీ కాదు. కానీ అందరితో పాటు కూర్చుని, తన కొలత తానే వేసుకుని తినే వీలుంటుంది. తీపి వంటకాల్లో ఆ వీలు ఉన్నవి మన దగ్గర చాలా తక్కువ.