ఆలస్యంగా వచ్చి గెలిచిన రైలు

ఒక రైలు ఆలస్యంగా వస్తుంది. ఆలస్యంగా వచ్చింది కాబట్టే బతికి బయటపడుతుంది. 1953లో వచ్చిన 'ది టిట్‌ఫీల్డ్ థండర్‌బోల్ట్' అనే బ్రిటిష్ కామెడీకి ముగింపు ఇదే. ముగింపు ముందే చెప్పేశానని తిట్టుకోకండి. ఈ సినిమాలో చివరికి ఏమవుతుందో మొదటి పది నిమిషాల్లోనే ఎవరికైనా తెలిసిపోతుంది. నన్ను పట్టుకున్నది కథ కాదు, ఆ ఆలస్యం.

పల్లెటూరి రైలు అనగానే సినిమాలు చూసేవాళ్ళకి 'పథేర్ పాంచాలి'లో రెల్లుపూల మధ్య పరిగెత్తే పిల్లలు గుర్తొస్తారు. అక్కడ రైలు ఊరి పక్కనుంచి వెళ్ళిపోయేది, ఊరికోసం ఆగేది కాదు. టిట్‌ఫీల్డ్ రైలు అలా కాదు. అది ఊళ్ళో బయల్దేరి దగ్గర్లోని పట్నం దాకా వెళ్తుంది, మళ్ళీ ఊరికే వస్తుంది. దాన్ని ఎక్కేవాళ్ళందరికీ గార్డు తెలుసు, గార్డుకి వాళ్ళంతా తెలుసు. ఇలాంటి రైలు మీద, అంటే ఊరి సొంత రైలు మీద, వచ్చిన సినిమాలు చాలా తక్కువ.

కథ రెండు ముక్కల్లో చెప్తాను. టిట్‌ఫీల్డ్ అనే ఊహాగ్రామానికి ఉన్న బ్రాంచి లైనుని ప్రభుత్వ రైల్వే మూసేస్తానంటుంది. ఊరి చర్చి ఫాదర్‌కి రైళ్ళంటే పిచ్చి. ఆ లైను వేయించిన కుటుంబానికి చెందిన కుర్ర భూస్వామి ఆయనకి తోడవుతాడు. ఇద్దరూ కలిసి రైలుని మనమే నడుపుకుందాం అంటారు. డబ్బు వాలెంటైన్ అనే ఒక ముసలి ధనవంతుడు పెడతాడు. ఎందుకు పెడతాడంటే, ఊళ్ళో బార్లు పొద్దున్నే తెరవకూడదు, రైల్లో బారుకి ఆ నియమం లేదు. బస్సు నడుపుకుందామనుకున్న ఇద్దరు భాగస్వాములు అడుగడుగునా అడ్డం పడతారు. నెలరోజుల గడువు, చివర్లో ఇన్‌స్పెక్టరు తనిఖీ. తనిఖీకి ముందురోజు రాత్రి ఇంజినుని పట్టాలు తప్పిస్తే, మ్యూజియంలో ఉన్న పాత ఇంజినుని బయటికి లాగుతారు. ఆ పాతకాలపు ఇంజిను పేరే థండర్‌బోల్ట్. సినిమాలో దాని వేషం కట్టింది 'లయన్' అనే నిజమైన ఇంజిను, 1838లో తయారైంది. అంటే షూటింగు నాటికి దానికి నూరేళ్ళు దాటాయి.

దర్శకుడు చార్లెస్ క్రైటన్, రచయిత టి.ఇ.బి. క్లార్క్. 'ది లావెండర్ హిల్ మాబ్' తీసిన జంటే. ఈలింగ్ స్టూడియో రంగుల్లో తీసిన మొదటి కామెడీ ఇది. డగ్లస్ స్లోకోంబ్ కెమెరాలో పచ్చిక ఎంత పచ్చగా ఉంటుందంటే, ఆ పచ్చదనమే రైలు తరఫున వకాలతు పుచ్చుకుని వాదిస్తున్నట్టు ఉంటుంది.

మొదటి దృశ్యం ఒక్కటి జాగ్రత్తగా చూడండి. ఎత్తైన వంతెన మీద పెద్ద ఎక్స్‌ప్రెస్ దడదడలాడుతూ వెళ్తుంది. అది వెళ్ళిపోయాక దాని కిందనుంచి మన చిన్న రైలు తాపీగా వస్తుంది. పైన పెద్దది, కింద చిన్నది. పైదానికి ఏ ఢోకా లేదు, కిందదానికి రోజులు దగ్గరపడ్డాయి. 1953లో ప్రేక్షకులకి అలాగే అర్థమై ఉంటుంది. కానీ పైన కనిపించేది సోమర్సెట్ అండ్ డోర్సెట్ లైను. 1966లో దాన్ని కూడా మూసేశారు. ఇక కింద, సినిమా తీసిన లైను, షూటింగుకి ముందే పోయింది. దాని మీద పాసింజర్ రైళ్ళు 1925లోనే ఆగిపోయాయి, గూడ్సు బళ్ళు 1951లో. పోయిన లైను మీద, ఆ లైనుని కాపాడుకున్న ఊరి కథ తీశారన్నమాట. ఈ సంగతి తెలిశాక నాకు సినిమా అంతా వేరేగా కనపడింది. నవ్వుతూనే ఉన్నాను గానీ కొంచెం ఇబ్బందిగా.

సినిమా వచ్చిన పదేళ్ళకి, 1963లో, బీచింగ్ నివేదిక వచ్చింది. రిచర్డ్ బీచింగ్ బ్రిటిష్ రైల్వే బోర్డుకి అధ్యక్షుడు, చదువుకి ఫిజిక్సు డాక్టరేటు. ఆయన లెక్క సూటిగా ఉంటుంది: మొత్తం దారిలో మూడోవంతు మీద నడిచే ప్రయాణికుల రద్దీ ఒక్క శాతమే. కాబట్టి 2,363 స్టేషన్లు, దాదాపు 5,000 మైళ్ళ దారి మూసేయొచ్చు. అప్పటి రవాణా మంత్రి ఎర్నెస్ట్ మార్పుల్స్ రోడ్లు వేసే కంపెనీ పెట్టి పైకొచ్చినవాడు. సినిమాలో బస్సు యజమానులు విలన్లు కావడం అతిశయోక్తి అనుకున్నవాళ్ళకి పదేళ్ళ తర్వాత ఏమనిపించిందో.

నన్ను ఆపింది మంత్రి కాదు, లెక్క. ఆ లెక్క కోసం చేసిన ప్రయాణికుల సర్వే ఒకే ఒక్క వారానిది. 1961 ఏప్రిల్ 23తో ముగిసిన వారం. వేసవిలో మాత్రమే కిటకిటలాడే సముద్రతీరపు ఊళ్ళ రైళ్ళు ఏప్రిల్లో ఎలా ఉంటాయో ఊహించుకోవచ్చు.

నేనూ అలాంటి లెక్క ఒకటి వేశాను. మూడేళ్ళ క్రితం, చిన్న షాపులవాళ్ళు వాడే ఒక యాప్‌లో పాత పేజీ ఒకటి తీసేయాలని ప్రతిపాదించింది నేనే. రెండు వారాల లాగ్స్ తీశాను. వాడేవాళ్ళు ఒక శాతం కూడా లేరు. దాన్ని నిలబెట్టడానికయ్యే పనిగంటలు చూపించాను, గ్రాఫు పెట్టాను, అందరూ బావుందన్నారు. నెలాఖరుకి ఫోన్లు మొదలయ్యాయి. ఆ పేజీని నెలకోసారి, లెక్కలు ప్రింటు తీసుకోవడానికి మాత్రమే వాడతారట. నేను చూసిన రెండు వారాలూ నెల మధ్యలోవి. లాగ్స్ తప్పు చెప్పలేదు. నేనడిగిన ప్రశ్నకి సరైన జవాబే ఇచ్చాయి. బీచింగ్‌ని తిట్టడం నాకు అంత తేలిక కాదని చెప్పడానికే ఈ సొంత గోల. ఆయన్ని దుర్మార్గుడంటే నా ఉద్యోగాన్ని ఏమనాలి?

టిట్‌ఫీల్డ్ సినిమా ఈ లెక్కకి జవాబు చెప్తుందా? మాటల్లో చెప్పదు. బహిరంగ విచారణ సీన్లో కుర్ర భూస్వామి ఆవేశంగా మాట్లాడతాడు: బస్సులూ లారీలూ వస్తే సందులు కాంక్రీటు రోడ్లవుతాయి, ఇళ్ళకి పేర్లు పోయి నెంబర్లొస్తాయి, ఊరు చచ్చిపోతుంది అని. ఈ ప్రసంగాన్ని చాలామంది సినిమాకి గుండెకాయ అంటారు. నాకైతే సినిమాలో అన్నిటికన్నా బలహీనమైన చోటు ఇదే. ఊరు మారకూడదు అనేవాడు ఆ ఊళ్ళో ఎవరి కొడుకో చూడాలి కదా. ఇంటికి పేరున్నవాడికే నెంబరంటే భయం. మన ఊళ్ళకి ఎర్రబస్సు వచ్చినప్పుడు ఎంతమందికి అది తలుపు తీసినట్టయిందో మనకి తెలుసు. పక్కూరి హైస్కూలుకెళ్ళిన ఆడపిల్లలు, దొర పొలం కాదని పట్నంలో పనికెళ్ళిన కూలీలు, అందరూ బస్సెక్కినవాళ్ళే. ఆ సినిమాలో రైలు సంగతి తేల్చేవాళ్ళు భూస్వామి, ఫాదరు, డబ్బున్న తాగుబోతు. ఆడవాళ్ళ మాట ఎక్కడా నిర్ణయం దాకా రాదు. కూలివాళ్ళ మాటా అంతే.

అయితే మాటల్లో చెప్పలేనిది సినిమా పనుల్లో చెప్తుంది. బస్సువాళ్ళు నీళ్ళ ట్యాంకు పాడుచేసిన రోజు రైలు దారిలో ఆగిపోతుంది. ప్రయాణికులు దిగి, చేతికందిన గిన్నెలూ బక్కెట్లూ పట్టుకుని, వరసగా నిలబడి ఇంజినుకి నీళ్ళు మోస్తారు. ఎవరూ ప్రసంగం చెయ్యరు. టికెట్టు కొన్నాం కదా, మేమెందుకు మొయ్యాలి అని కూడా అనరు. ఆ రెండు నిమిషాల్లో వాళ్ళు ప్రయాణికులు కావడం మానేసి రైలుకి సొంతవాళ్ళవుతారు. ఏప్రిల్ వారంలో లెక్కించినా, ఆగస్టు వారంలో లెక్కించినా ఈ సంగతి ఏ లెక్కలోకీ రాదు. రైలు వాళ్ళని ఎంతదూరం తీసుకెళ్ళిందనేది మైళ్ళలో కొలవొచ్చు. వాళ్ళు రైలుకోసం ఎంతదూరం వస్తారనేదానికి గడి ఏ పట్టికలోనూ ఉండదు.

ఇక ఆ ఆలస్యం. తనిఖీ రోజు రైలు చేరాల్సిన టైముకి చేరదు. అంతా అయిపోయిందనుకుంటారు. ఇన్‌స్పెక్టరు లెక్క చూసి, ఈ తరగతి లైనుకి వేగ పరిమితి ఉందనీ, ఇంకొంచెం వేగంగా వచ్చుంటే ఆ పరిమితి దాటేవాళ్ళనీ చెప్తాడు. పాస్! జోకే. కానీ క్లార్క్ ఆ నిబంధన పుస్తకాన్ని ఎగతాళి చెయ్యడం లేదని నా అనుమానం. నెమ్మదిగా వెళ్ళేదాన్ని నెమ్మదిగా వెళ్ళేదానిలాగే కొలిచే నియమం ఒకటి అందులో ఉంది. దాన్ని ఎక్స్‌ప్రెస్ పక్కన పెట్టి ఫెయిలు చెయ్యలేదు. మొదటి దృశ్యంలో పైనా కిందా వెళ్ళిన రెండు రైళ్ళకి సమాధానం ఈ చివరి దృశ్యంలో దొరికింది నాకు.

మా అమ్మమ్మ ఊరు కాకినాడ-కోటిపల్లి లైను మీద, ద్రాక్షారామానికి దగ్గర్లో. ఆ లైను 45 కిలోమీటర్లు, 1928లో వేశారు. 1940లో పట్టాలు పీకి యుద్ధానికి పట్టుకుపోయారు. టిట్‌ఫీల్డ్ వాళ్ళకి కనీసం బహిరంగ విచారణ జరిగింది. గోదావరి జిల్లా రైతుని ఎవరడిగారు? అమ్మమ్మ చిన్నప్పుడు చూసిన రైలు, ఆవిడకి పెళ్ళయ్యేసరికి లేదు. మిగిలింది రైలుకట్ట ఒకటి. మా అమ్మావాళ్ళు ఆ కట్ట మీదే బడికి నడిచేవారు. రైలు ఎన్నడూ చూడని పిల్లలు కూడా దాన్ని రైలుకట్టనే అనేవారు. బాలయోగి గారు ఆ లైను మళ్ళీ వేయించాలని పట్టుబట్టారు గానీ ఆయన 2002లోనే పోయారు. 2004లో రైలొచ్చింది. రైలంటే ఒకే ఒక్క పెట్టె, రైల్‌బస్సు. చూసి మా బావ నవ్వాడు. 'ఇదేం రైలే అమ్మమ్మా, బస్సుకి ఇనప చక్రాలేసినట్టుంది' అన్నాడు.

అమ్మమ్మ నవ్వలేదు. డెబ్భై దాటిన మనిషి, కార్తీక సోమవారాలు ద్రాక్షారామం వెళ్ళి రావడానికి దాన్నే ఎక్కేది. షేర్ ఆటో దాని కంటే ముందెళ్తుందని ఎన్నిసార్లు చెప్పినా వినేది కాదు. శివరాత్రికి కోటిపల్లి రేవులో స్నానానికెళ్ళే జనం, పంటు దాటి అటు ముక్తేశ్వరం వైపు వెళ్ళేవాళ్ళు, అందరూ గుర్తే నాకు. మామూలు రోజుల్లో ఖాళీ సీట్లూ గుర్తే. ఎవరైనా ఏప్రిల్లో ఓ వారం కూర్చుని లెక్కేస్తే ఏం రాసుకునేవారో చెప్పక్కర్లేదు.

సినిమాకి ప్రేరణ వేల్స్‌లోని తాలిలిన్ రైల్వే. 1951లో దాన్ని స్వచ్ఛందంగా ముందుకొచ్చిన అభిమానులు చేతిలోకి తీసుకుని నడిపారు. ప్రపంచంలో అలా బతికిన మొదటి రైలు అదేనంటారు. ఇప్పటికీ నడుస్తోంది, ఎక్కువగా చూడటానికొచ్చే వాళ్ళకోసం. రైలు మిగిలింది. సంతకెళ్ళే మనిషి మాత్రం కారో బస్సో చూసుకున్నాడు. రైలుని కాపాడటం, ఊరి ప్రయాణాన్ని కాపాడటం రెండూ ఒకటి కావు. ఈ తేడా టిట్‌ఫీల్డ్ సినిమా చూడదు, లేదా చూడనట్టు నటిస్తుంది. ఫాదరు ఊరికోసం రైలు నడుపుతున్నాడా, రైలుకోసం ఊరిని నడుపుతున్నాడా అని నాకు సినిమా పొడుగునా సందేహమే. అయినా ఆయనంటే కోపం రాదు. ఆయన కనీసం రోజూ బొగ్గు మసి పూసుకుని ఇంజిను మీద నిలబడ్డాడు.

నేను? 2020లో లాక్‌డౌన్ పెట్టినప్పుడు దేశంలో పాసింజర్ రైళ్ళన్నిటితో పాటు మా రైల్‌బస్సూ ఆగింది. అమ్మమ్మ అప్పటికే లేదు. ఆ తర్వాత ఊరికి వెళ్ళిన ప్రతిసారీ కార్లోనే వెళ్ళాను. గేటు దగ్గర పట్టాలు దాటేటప్పుడు కారు కుదుపుకి తప్ప ఆ లైను నాకు గుర్తు రాలేదు. ఈ వ్యాసం రాయడానికి కూర్చున్నాక అమ్మకి ఫోన్ చేసి, రైల్‌బస్సు మళ్ళీ నడుస్తోందా అని అడిగాను.

"నడిస్తే నువ్వెక్కుతావేంట్రా?" అంది.