నల్లిబొక్కలో దాగిన నవ్వు

నవ్వు నాలుగు విధాల చేటన్నారు పెద్దలు. 2013 ఫిబ్రవరిలో ఈటీవీలో 'జబర్దస్త్' మొదలయ్యాక ఆ సామెతని మన ఇళ్లలో పట్టించుకున్న వాళ్లెవరండీ! నాగబాబుగారు, రోజాగారు న్యాయనిర్ణేతలు. జట్లు జట్లుగా వచ్చి స్కిట్లు వేయడం, మార్కులు వేయించుకోవడం. ఆ తొలి జట్ల నాయకుల్లో ఒకడు సిరిసిల్ల కుర్రాడు వేణు. అంతకు ముందు సినిమాల్లో చిన్నాచితకా వేషాలు వేసినా, ఇంటింటికీ తెలిసింది మాత్రం ఈ స్కిట్లతోనే.

స్కిట్టంటే పోపు పెట్టడం లాంటిది. ఆవాలు చిటపటలాడే లోపే మిగతావన్నీ పడిపోవాలి. వచ్చినవాడు మామగారో, బావగారో ఒక్క మాటతో మనకి తెలిసిపోవాలి. ఆ ఒడుపు వేణుకి అక్కడ బాగానే అబ్బింది.

అయితే నాకు మింగుడుపడనిది ఒకటుంది. అక్కడ ఆడవేషాలు ఎక్కువగా మగవాళ్లే కట్టేవారు. అందులో తప్పేం లేదు, కూచిపూడి భాగవతుల నాటినుంచీ ఉన్నదే. కానీ వేదాంతం సత్యనారాయణ శర్మగారు సత్యభామ అయితే ఆడవాళ్లే ముక్కున వేలేసుకునేవారు. ఇక్కడ చాలా స్కిట్లలో పెళ్లామంటే గయ్యాళి, లేదా లావుపాటి మనిషి. ఆవిడకీ ఓ మనసుంటుందన్న ఊసే లేదు.

2023 మార్చిలో అదే వేణు దర్శకుడై 'బలగం' తీశాడు. తెలంగాణ పల్లెల్లో నడివీధిలో తెర కట్టుకుని మరీ చూశారు. "నవ్వించేవాడు ఏడిపించాడే!" అన్నారు జనం. నాకైతే అతను పాత విద్య వదిలినట్టు అనిపించలేదు. భోజనాల దగ్గర నల్లిబొక్క కోసం బావా బావమరుదులు తగువులాడుకుని విడిపోవడం స్కిట్టు కాక మరేమిటి చెప్పండి? టీవీలో అయితే చప్పట్లతో అక్కడే ఆగిపోయేది. సినిమాలో ఆగలేదు. మగవాళ్ల పంతానికి ఏళ్ల తరబడి పుట్టింటి గడప తొక్కలేకపోయిన ఆడపడుచు దాకా వెళ్లింది. తండ్రి పోతే గానీ రాలేకపోయిందే ఆవిడ! అప్పుడా బొక్క ఎంత బరువైందో మనకి తెలిసొచ్చింది.

అందుకే స్కిట్లు రాసే అబ్బాయిలకి ఒక్క మనవి. పెళ్లాం వేషానికి చీర, సవరం ఎలాగూ ఇస్తున్నారు. దాంతోపాటు ఓ పుట్టిల్లు కూడా ఇవ్వండి నాయనా. నవ్వు తగ్గదు లెండి!