నీషే రాజకీయదృష్టి – మనుస్మృతి

నీషే రాజకీయభావములను గూర్చిన వివాదము నేటికిని తెగలేదు. ఆయన 1900లో మరణించిన పిదప విడికాగితములను ఏర్చి కూర్చి, 'అధికారేచ్ఛ' యను పేర 1901లో గ్రంథముగా వెలువరింపజేసినది సోదరి ఎలిజబెత్. 1935లో ఆమె అంత్యక్రియలకు హిట్లరు స్వయముగ వచ్చెను. కావున నీషే అభిమానులు దోషమంతయు ఆమెపై మోపుదురు. ఆయనకు యూదద్వేషులన్న ఏవగింపు. జర్మను సామ్రాజ్యమన్న చులకన. ఇవి కాదనరానివి.

కాని 1888లో స్వహస్తముతో వ్రాసిన 'క్రీస్తువిరోధి' మాట యేమి? అందు మనుస్మృతిని బైబిలుకంటె ఉన్నతమని కొనియాడి, వర్ణభేదము ప్రకృతిసిద్ధమనెను. ఆయన చదివినది జాకొలియో ఫ్రెంచి అనువాదము. అది నమ్మదగినది కాదు. ఐనను మూలము చెడినదన్నంత మాత్రమున మెప్పు మాసిపోదు గదా! ఆ యేటనే వ్రాసిన 'విగ్రహముల సంధ్య'లో చండాలురకు విధించిన నియమములను చూచి జంకినట్లు తోచును. ఆ జంకు 'క్రీస్తువిరోధి'లో కానరాదు.

నీషే అతిమానవునకు యోగ్యత ఆధారము, మనువు అధికులకు పుట్టుక ఆధారమని అంబేద్కరు వివేచించెను. ఆ రచన 1987లో గాని అచ్చు కాలేదు. భేదము సరియైనదే. యోగ్యతను నిర్ణయించువాడెవడో నీషే చెప్పినట్లు మాత్రము నాకు కనబడలేదు. 'మాలపల్లి' వెలసిన భాషలోనికి ఆయనను తెచ్చువారు ఈ రెండు ప్రకరణములను విడువక, ప్రక్కప్రక్కన అచ్చువేయవలెను.