నల్లదుస్తుల చాటున ముసిడోరా

మూకీల నాటి ఫ్రెంచి నటి ముసిడోరా పేరు చెప్పగానే అందరికీ గుర్తొచ్చేది ఒంటికి అంటుకుపోయిన నల్లదుస్తులే. 1915–16లో లూయీ ఫొయాద్ తీసిన పది భాగాల 'లె వాంపీర్'లో ఆమె ఇర్మా వెప్ అనే దొంగ. మాటల్లేకపోతేనేం, ఆ కాటుక కళ్లు చాలవూ! కథ మాత్రం, నిజం చెప్పొద్దూ, అక్కడక్కడా సాగదీతే.

అంతటితో ఊరుకుందా? తనే మెగాఫోన్ పట్టింది. స్పెయిన్ వెళ్లి, జాక్ లాసెయిన్‌తో కలిసి 1922లో 'సోల్ ఈ సోంబ్రా' తీసింది. అందులో రెండు పాత్రలూ ఆవిడే. ఒకరు పల్లెటూరి పిల్ల, మరొకరు పరదేశపు వగలాడి. నా మటుకు నాకు దొంగవేషం కన్నా ఇదే గొప్ప. అయినా రాసేవాళ్లకి ఇంకా ఆ దుస్తుల ధ్యాసే!

చివరి రోజుల్లో పారిస్ సినిమాతెక్‌లో పనిచేస్తూ, అప్పుడప్పుడూ టిక్కెట్లు కూడా ఇచ్చేదట. లోపల తెరమీద ఉన్నదీ ఈవిడేనని కొనేవాళ్లలో చాలామందికి తెలియదు.